షింకాయ్ ఒక్కడే 25 నిమిషాలు గీశాడంటారే, ఆ లెక్క ఎలా కుదిరింది?

ఫ్రేము_లెక్క
ఏ యూట్యూబు వీడియో తెరిచినా ఇదే పాట. జపాన్ యానిమేషన్ దర్శకుడు మకోతో షింకాయ్ ఉద్యోగం మానేశాడు, ఇంట్లో ఒక్క కంప్యూటరు ముందు కూర్చున్నాడు, ఏడు నెలల్లో 25 నిమిషాల 'హోషి నో కోయె' (ఇంగ్లీషులో 'వాయిసెస్ ఆఫ్ ఎ డిస్టెంట్ స్టార్') తీసేశాడు అని. లెక్క వేద్దాం. 25 నిమిషాలంటే 1,500 సెకన్లు. సెకనుకి 24 ఫ్రేముల చొప్పున 36,000. జపాన్ పద్ధతిలో ఒక్కో బొమ్మని మూడు ఫ్రేములు నిలిపినా 12,000 బొమ్మలు. ఏడు నెలలు 210 రోజులు అనుకుంటే రోజుకి 57 బొమ్మలు, అదీ రంగులతో సహా. బ్యాక్‌గ్రౌండ్లు, త్రీడీ, కాంపోజిటింగు (విడివిడి పొరల్ని ఒక్క ఫ్రేముగా కలపడం), ఎడిటింగు దీనికి అదనం. ఇది మనిషి చేసే పనేనా? లేక 'ఒక్కడే' అన్నది పబ్లిసిటీ మాటా? తెలిసినవాళ్లు వివరంగా చెప్పండి. "టాలెంట్ ఉంటే ఏదైనా సాధ్యమే బ్రో" టైపు జవాబులు మాత్రం వద్దు.

కోతిబొమ్మ
టాలెంట్ ఉంటే ఏదైనా సాధ్యమే బ్రో

గీతల_గోపాలం
పైవాణ్ణి వదిలేయండి. మీ గుణకారం తప్పు కాదు, మొదట్లో అనుకున్నదే తప్పు. ప్రతి సెకనులోనూ ఎవరో ఒకరు కదులుతుంటారని లెక్కేశారు. ఆ సినిమాని ఒకసారి సౌండు ఆపేసి చూడండి. ఖాళీ మెట్లు, రైల్వే గేటు, వానలో బస్టాపు, ఆకాశం, మేఘాలు, ఫోను తెర. మనుషులు ఉన్నచోట కూడా వెనక నుంచో, దూరం నుంచో కనిపిస్తారు, లేదా నిలబడి ఉంటే జుట్టు కాస్త కదులుతుంది. మాటల్లో ఎక్కువ భాగం మనసులో అనుకునేవీ ఫోను మెసేజీలూ. అంటే నోరు కదిలించే పని లేదు. పోరాట సన్నివేశాల్లోని రోబోలు లైట్‌వేవ్ అనే సాఫ్ట్‌వేర్‌లో చేసిన త్రీడీ. కథానాయిక మికాకో ఆ రోబో లోపల స్కూలు యూనిఫారంలో కూర్చునే ఉంటుంది, లేచి నడవదు.

ఇవన్నీ తీసేశాక నిజంగా చేత్తో గీసి కదిలించాల్సింది మీరనుకున్న 12,000లో చిన్న వాటా.

ఫ్రేము_లెక్క
అంటే పని తప్పించుకోవడానికి కథని అలా రాసుకున్నాడంటారా?

గీతల_గోపాలం
తప్పించుకోవడం అనకండి, పొదుపు అనండి. అమ్మాయి అంతరిక్షంలోకి వెళ్తుంది, అబ్బాయి భూమ్మీద ఉంటాడు, మధ్యలో ఫోను మెసేజీలు. సిరియస్ నక్షత్రం 8.6 కాంతి సంవత్సరాల దూరం కాబట్టి మెసేజి చేరడానికి ఎనిమిదేళ్లు దాటుతుంది. పదిహేనేళ్ల మికాకో పంపినది ఇరవై నాలుగేళ్ల నొబోరుకి అందుతుంది. ఈ ఏర్పాటు వల్ల ఇద్దరూ ఒకే ఫ్రేములో ఎదురెదురుగా నిలబడి మాట్లాడాల్సిన అవసరం దాదాపు పోయింది. కథకి బలమూ అదే, గీసేవాడికి ఊరటా అదే. ఒంటరిగా తీయాలనుకునేవాడు ఆయన దగ్గర దొంగిలించాల్సింది ఆ ఆకాశాలు కాదు, ఈ తెలివి.

రాత్రి_రెండర్
పనిముట్ల సంగతి నేను చెప్తా. పవర్ మ్యాక్ జీ4, ఫోటోషాప్ 5.0, ఆఫ్టర్ ఎఫెక్ట్స్ 4.1, లైట్‌వేవ్, కమోషన్ 3.1 డీవీ. అంతే. ఇంకో విషయం ఎవరూ లెక్కలోకి తీసుకోరు. అప్పట్లో డీవీడీ సైజు 720×480, అంటే 3,45,600 పిక్సెళ్లు. ఇప్పటి ఫుల్ హెచ్‌డీ 20,73,600. సరిగ్గా ఆరు రెట్లు. డీవీడీలో నాలుగు గీతలతో ఆకులా కనిపించినది ఇప్పుడు నాలుగు గీతల్లానే కనిపిస్తుంది. కాబట్టి "ఏడు నెలల్లో అయిపోయింది కదా, నేనూ చేస్తా" అని నేరుగా 4కేలో మొదలుపెట్టేవాళ్లు మునుగుతారు.

మధ్యగీత
'ఒక్కడే' అన్న మాట మీద నాకూ పేచీ ఉంది. సంగీతం తెన్మోన్‌ది. ఆయన కూడా షింకాయ్ పనిచేసిన నిహోన్ ఫాల్కమ్ గేమ్ కంపెనీ మనిషే. మొదటి వెర్షన్‌లో నొబోరు గొంతు షింకాయ్‌ది అయితే మికాకో గొంతు మికా షినోహారాది. డీవీడీకి సుమి ముతో, చిహిరో సుజుకి అనే వృత్తి కళాకారులతో ఇంకోసారి డబ్బింగ్ చెప్పించారు. అమ్మే బాధ్యత కామిక్స్ వేవ్ చూసుకుంది. కథ, దర్శకత్వం, బొమ్మలు, కాంపోజిటింగు, ఎడిటింగు ఆయన ఒక్కడే అంటే సరే, ఒప్పుకుంటా. సినిమా మొత్తం ఒక్కడే అంటే ఒప్పుకోను.

నల్లకుంట_నాని
అసలు ఆ సినిమా మొదట రిలీజైంది టాలీవుడ్‌లో. ఈ సంగతి ఎవరికీ తెలియదనుకుంటా.

కాకినాడ_కాజా
నానీ, మీమ్స్‌కి వేరే గది ఉంది ఇక్కడ

నల్లకుంట_నాని
మీమ్ కాదండీ బాబూ. టోక్యోలో షిమోకితాజావ అనే పేట ఉంది. అక్కడ షార్ట్ ఫిల్ములు ఆడించే చిన్న హాలు పేరే టాలీవుడ్, వాళ్లు 'తొరివుద్దో' అని పలుకుతారు. యాభై లోపు సీట్లు. 2002 ఫిబ్రవరి 2న 'హోషి నో కోయె' అక్కడే మొదలైంది.

మధ్యగీత
నాని చెప్పింది నిజం. ఈ గదిలో అతను రాసిన మొదటి నిజం కూడా.

కాకినాడ_కాజా
మరి బెనిఫిట్ షో పడిందా, కటౌటుకి పాలాభిషేకం జరిగిందా

కాంపోజిటింగ్_కమల
నవ్వులు అయ్యాక ఒక మాట. ఆ చిన్న హాలు సంగతి తీసిపారేయొద్దు. 25 నిమిషాల సినిమాని మామూలు థియేటర్ వేసుకోదు. వేసుకునే హాలు ఒకటి ఉండటం, ఆ ఏప్రిల్‌లోనే డీవీడీ రావడం, ఈ రెండూ కుదిరాయి కాబట్టే చేతికి డబ్బొచ్చింది.

ఇంకోటి, ఆయన ఆకాశం నుంచి ఊడిపడలేదు. 1973లో నాగనో జిల్లా కోఉమిలో పుట్టాడు, చువో యూనివర్సిటీలో జపనీస్ సాహిత్యం చదివాడు, 1996లో ఫాల్కమ్‌లో చేరి సుమారు ఐదేళ్లు పనిచేశాడు. అక్కడ 'ఈస్ 2 ఎటర్నల్' లాంటి గేములకి ఓపెనింగ్ మూవీలు చేశాడు. ఒకటి రెండు నిమిషాల్లో, మాటల్లేకుండా, పాట తాళానికి షాట్లు కోసి, మేఘాలు, ఈకలు, వెలుగు కలిపి మూడ్ తెప్పించాలి. తర్వాత సినిమాల్లో ఏం చేశాడో అదంతా అక్కడే ఉంది. సాయంత్రాలు ఇంట్లో చేసుకున్నది 'కనోజో తో కనోజో నో నెకో', 1999లో. ఐదు నిమిషాలు కూడా ఉండదు, నలుపు తెలుపు, పిల్లి చెప్పే కథ. 2000లో డోగా సీజీ యానిమేషన్ పోటీలో గ్రాండ్ ప్రి దానికే వచ్చింది. నలుపు తెలుపు అంటే రంగుల ఎంపిక, రంగుల దిద్దుబాటు అనే రెండు పనులు ఎగిరిపోయాయి. పిల్లి ఎత్తు నుంచి చూపిస్తే మనిషి ముఖం గీయాల్సిన పని తగ్గింది.

ఫ్రేము_లెక్క
ఇదీ నాకు కావాల్సింది. మరి ఐదు నిమిషాల సినిమాకి ఇప్పుడు ఎవరైనా కూర్చుంటే ఎన్ని బొమ్మలు అవుతాయి, నిజాయితీగా?

గీతల_గోపాలం
300 సెకన్లు. షాటు సగటున నాలుగు సెకన్ల పైచిలుకు పెట్టుకుంటే 70 షాట్లు. వాటిని మూడు కుప్పలు చేయండి.

మనుషులు లేనివి 30. బ్యాక్‌గ్రౌండు, దాని మీద ఏదో ఒక కదలిక చాలు, మేఘమో నీడో రైలో.
మనిషి ఉండీ కదలనివి 25. రెప్ప, జుట్టు, చొక్కా అంచు. షాటుకి 8 బొమ్మలు, మొత్తం 200.
నిజంగా కదిలేవి 15. నాలుగు సెకన్లు, సెకనుకి 8 బొమ్మలు, అంటే షాటుకి 32, మొత్తం 480.

కూడితే 680. అదే ఐదు నిమిషాలూ సెకనుకి 12 చొప్పున కదిలిస్తే 3,600. తేడా చూశారుగా. ఇక 70 షాట్లకి 70 బ్యాక్‌గ్రౌండ్లు అక్కర్లేదు. ఒకే కోణం మధ్యాహ్నం, సాయంత్రం, రాత్రి అని రంగు మార్చి మళ్లీ వాడితే 55తో సరిపోతుంది.

ఇక్కడ అందరూ చేసే తప్పు, స్టోరీబోర్డు (షాటు షాటుకీ ముందుగా గీసుకునే చిత్తు బొమ్మలు) వేసేటప్పుడు మూడో కుప్ప 15 దగ్గర మొదలై 35కి పాకడం. ప్రతి షాటు మూలన ఏ కుప్పో రాసుకుని, 15 దాటినప్పుడల్లా ఒకదాన్ని రెండో కుప్పలోకి తోసేయండి.

బొమ్మల_సుబ్బారావు
ఇదంతా వింటుంటే బొమ్మలు కదలకపోవడమే గొప్ప అన్నట్టుంది. యానిమేషన్ అంటే కదలిక. షింకాయ్ తొలి సినిమాల్లో పాత్రలు అట్టబొమ్మల్లా ఉంటాయి, ముఖాలు షాటు షాటుకీ మారిపోతాయి. బ్యాక్‌గ్రౌండు వాల్‌పేపరు చూసి మురిసిపోతాం. మాట్లాడితే సూర్యాస్తమయం.

గీతల_గోపాలం
సుబ్బారావు గారూ, ముఖాల మాట ఒప్పుకుంటా. ఆయనకీ అది తెలుసు కాబట్టే తర్వాతి సినిమాకే ఆ పని వేరేవాళ్లకి అప్పగించాడు. 2004లో 90 నిమిషాల 'కుమో నో ముకో'కి క్యారెక్టర్ డిజైన్ ఉషియో తజావ. 2007లో 'బ్యోసోకు 5 సెంటిమీటర్'కి తకాయో నిషిమురా. 2016లో 'కిమి నో నా వ' ('యువర్ నేమ్')కి మసయోషి తనాకా డిజైన్, యానిమేషన్ డైరెక్టర్ మసాషి అందో. ఈ అందో జిబ్లీ స్టూడియో దర్శకుడు మియజాకి తీసిన 'మొనోనోకె హిమె'కి, 'సెన్ తో చిహిరో'కి అదే పని చేసినవాడు.

మధ్యగీత
'కుమో నో ముకో' విడుదలైన రోజు 2004 నవంబర్ 20. మియజాకి 'హౌల్' సినిమా వచ్చిందీ అదే రోజు. ఆ ఏటి మైనిచి సినిమా పురస్కారం, యానిమేషన్ విభాగంలో, మియజాకిని దాటి ఎవరికెళ్లిందో సుబ్బారావు గారికి గుర్తుందా

బొమ్మల_సుబ్బారావు
గుర్తుంది. అవార్డు వస్తే నడక బాగుపడదు.

కాంపోజిటింగ్_కమల
సుబ్బారావు గారి 'వాల్‌పేపరు' మాట పట్టుకుంటున్నా. ఆ వెలుగు బ్యాక్‌గ్రౌండులో గీసింది మాత్రమే కాదు. జపాన్‌లో 'సాత్సుయె' అంటారు, మాటకి అర్థం ఫోటో తీయడం, ఇప్పుడు చేసేది కాంపోజిటింగు. ఆయన చాలాకాలం చేతిలోంచి వదలనిది అదే. 'కిమి నో నా వ' అంత పెద్ద సినిమాలో కూడా కథ, స్క్రీన్‌ప్లే, స్టోరీబోర్డు, ఎడిటింగుతో పాటు సాత్సుయెలోనూ ఆయన పేరుంటుంది.

సాయంత్రం రైల్వే గేటు షాటు ఒకటి అనుకోండి. అడుగున ఆకాశం, ఫ్రేముకి ఒకటిన్నర రెట్లు వెడల్పు. దాని మీద మేఘాలు రెండు లేయర్లు, వెనకది ముందుదానికి సగం వేగం. తర్వాత ఇళ్లు, స్తంభాలు, తీగలు. తర్వాత గేటు, మనిషి. అన్నిటికన్నా ముందు మసకగా కొమ్మో కంచో. ఇంతవరకూ చూస్తే చప్పగా ఉంటుంది. పైన నారింజ రంగు గ్రేడియంటు ఒకటి స్క్రీన్ మోడులో (కింది రంగుని వెలిగించే కలయిక) 30 శాతం, కింది సగానికి నీలి నీడ మల్టిప్లైలో (ముదురు చేసే కలయిక), సూర్యుడి చుట్టూ మెరుపు యాడ్ మోడులో. చివర మనిషి అంచుకి రెండు మూడు పిక్సెళ్ల వెలుగు గీత. ఆ గీత లేకపోతే మనిషి బ్యాక్‌గ్రౌండు మీద అతికించిన స్టిక్కరు.

2013లో వచ్చిన 46 నిమిషాల 'కొతొనోహ నో నివ'లో ఇంకో అడుగు ముందుకేశారు. చుట్టూ చెట్లు కాబట్టి ముఖం నీడ వైపు లేత ఆకుపచ్చ ప్రతిఫలనం పడుతుంది, బయటి గీత కూడా నల్లగా ఉండదు. ఒక్క ఫ్రేము ఆపి చెంప, మెడ దగ్గర చూడండి.

రాత్రి_రెండర్
కమల గారు చెప్పిన గ్రేడియంట్లు వేసేవాళ్లకి ఒక హెచ్చరిక. 8 బిట్‌లో (ఒక్కో రంగుకి 256 మెట్లే) ఆకాశం గ్రేడియంటు వేసి పైన ఇంకో రెండు కలిపితే పట్టీలు పట్టీలుగా కనిపిస్తుంది. ఎడిట్‌లో కనిపించదు, వెబ్‌కి ఎక్కించాక బయటపడుతుంది. ప్రాజెక్టు మొదట్లోనే 16 బిట్ పెట్టుకోండి, ఎక్స్‌పోర్టుకి ముందు ఒకటి రెండు శాతం నాయిస్ చల్లండి.

ప్యాన్ వేగం, అంటే కెమెరా పక్కకి జరిగే వేగం, కూడా చూసుకోండి. ఒక వస్తువు తెర ఈ అంచు నుంచి ఆ అంచుకి ఏడు సెకన్ల లోపు దాటితే 24 ఫ్రేముల్లో వణుకు తెలుస్తుంది. 1920 వెడల్పుకి అది ఫ్రేముకి సుమారు 11 పిక్సెళ్లు. అంతకన్నా వేగం కావాలంటే మోషన్ బ్లర్‌తో ఒక్క ఊపులో లాగేయాలి. మధ్యరకం వేగమే చెడగొడుతుంది.

చెరువుగట్టు
నడిచే మనిషిని మూడేసి ఫ్రేములకి గీసి, వెనక బ్యాక్‌గ్రౌండు మాత్రం ప్రతి ఫ్రేముకీ జరిపితే పాదాలు జారుతున్నట్టు ఎందుకుంటాయి? ఏం చేయాలి?

గీతల_గోపాలం
పాదం మూడు ఫ్రేములు ఒకేచోట ఉంటుంది, నేల ఆ మూడింట్లోనూ జరుగుతుంది. అందుకే జారుడు. నేలని కూడా మూడు ఫ్రేములకోసారి జరిపితే పాదం నిలుస్తుంది కానీ వెనక ఊరంతా గుంజీలు తీస్తుంది. మందు ఒకటే, మోకాళ్ల పైనుంచి ఫ్రేము కోసేయండి. టీవీ యానిమేలో నడిచేవాళ్లు అంత తరచుగా నడుం పైనుంచే ఎందుకు కనిపిస్తారో ఇప్పుడు తెలిసిందిగా.

చెరువుగట్టు
నోటి కదలికకి?

గీతల_గోపాలం
మూడు నోళ్లు చాలు. మూసినది, సగం తెరిచినది, పూర్తిగా తెరిచినది. జపాన్‌లో ఎక్కువగా బొమ్మ ముందు, గొంతు తర్వాత. కాబట్టి నటులే బొమ్మకి సరిపెట్టుకుంటారు. తెలుగులో చేసినా నడుస్తుంది, కానీ మనకి పెదాలు కలిసే ప, బ, మ లు ఎక్కువ. వాక్యం చివర 'ము' ఉన్నచోట మూసిన నోరు పడేలా చూసుకుంటే చాలు, మిగతాది చూసేవాళ్లు పట్టించుకోరు.

మధ్యగీత
అందరూ షింకాయ్‌నే పట్టుకున్నారు. ఒక్కడే రాసి తీసినవాళ్లలో యసుహిరో యోషియురా దారి ఇంకా ఉపయోగం. 1980లో హొక్కైదోలో పుట్టాడు. 2002లో 'మిజు నో కొతొబా', తర్వాత 23 నిమిషాల 'పేల్ కొకూన్'. 2008లో 'ఈవ్ నో జికాన్' మొదలుపెట్టి, పావుగంట చొప్పున ఆరు భాగాలు నేరుగా ఇంటర్నెట్‌లో వదిలాడు, 2010లో వాటిని కలిపి సినిమా చేశాడు. దాదాపు కథంతా ఒక్క కాఫీ హోటల్లో. ఆ గదిని త్రీడీలో ఒకసారి కట్టుకుంటే కెమెరా ఎక్కడ పెట్టినా బ్యాక్‌గ్రౌండు సిద్ధం. ఆకాశాలు గీయడం రానివాళ్లకి ఇది దారి.

కాకినాడ_కాజా
ఒకే సెట్టు, మాటలే మాటలు. మన నాటక పరిషత్తు పద్ధతి.

బొమ్మల_సుబ్బారావు
అసలు స్వతంత్రం అంటే కోజి యమమురా. 'అతామ యమ', 2002, పది నిమిషాలు, ఆస్కార్ నామినేషన్. చెర్రీ గింజలు పారేయడం ఇష్టంలేక మింగేసిన పిసినారికి తలమీద చెట్టు మొలిచే కథ. పాత రకుగో (జపాన్‌లో ఒక్కరే కూర్చుని చెప్పే హాస్యం) కథని ఇప్పటి టోక్యోలో పెట్టాడు. తకెహారు కునిమోతో షమిసెన్ (మూడు తీగల వాద్యం) మీటుతూ పాడుతూ చెప్తాడు, మన బుర్రకథ చెవికి తగులుతుంది. ఇక్కడ ప్రతి గీతా కదులుతుంది, వెలుగు మెరుపులు లేవు.

మధ్యగీత
సుబ్బారావు గారూ, మెచ్చుకోవాల్సిందే. కానీ ఆయన బతుకుదెరువు సినిమా టిక్కెట్లు కాదు కదా. ఫెస్టివళ్లు, పిల్లల పుస్తకాల బొమ్మలు, టోక్యో ఆర్ట్స్ యూనివర్సిటీలో ప్రొఫెసరు పని. షింకాయ్ కూడా మధ్యలో మినోరి అనే కంపెనీ గేములకి ఓపెనింగులు చేశాడు, 2003లో జపాన్ టీవీ ఎన్‌హెచ్‌కే పాటల కార్యక్రమానికి 'ఎగావో' చేశాడు, 2014లో జెడ్-కాయ్ ట్యూషన్ సంస్థకి రెండు నిమిషాల 'క్రాస్ రోడ్' యాడ్ చేశాడు. ఆ యాడ్‌కి క్యారెక్టర్ డిజైన్ ఎవరనుకున్నారు? మసయోషి తనాకా. రెండేళ్ల తర్వాత 'కిమి నో నా వ'కి ఆయనే. యాడ్ డబ్బు తెచ్చింది, మనిషినీ తెచ్చింది.

ఫ్రేము_లెక్క
టీమ్ పెరిగాక కూడా అది 'ఆయన సినిమా'లా ఎలా నిలుస్తుంది? వందలమంది చేతులు పడతాయి కదా.

కాంపోజిటింగ్_కమల
వీడియో స్టోరీబోర్డు. కాగితం మీద బొమ్మలేసి ఇచ్చేయడు. మొత్తం సినిమాని కదలని బొమ్మలతో, అసలు నిడివిలో ఎడిట్ చేసి, అన్ని పాత్రల మాటలూ తన గొంతుతోనే చెప్పి, తాత్కాలిక శబ్దాలు కలిపి వీడియోగా ఇస్తాడు. హీరోయిన్ మాటలు కూడా ఆయనే. షాటు ఎన్ని ఫ్రేములు, మాటకి ముందు ఎంత మౌనం, పాట ఎక్కడ ఎత్తుకుంటుంది, అన్నీ అందులోనే తేలిపోతాయి. ఒంటరిగా చేసేవాళ్లకీ పనికొచ్చే అలవాటు. బొమ్మ ఒక్కటి పూర్తి చేయకముందే ఐదు నిమిషాలూ ఇలా చూసుకుంటే, తీసేయాల్సిన పది షాట్లు గీయకముందే దొరుకుతాయి.

నవల కూడా అంతే. 'కిమి నో నా వ' నవల 2016 జూన్‌లో వచ్చింది, సినిమా జపాన్ థియేటర్లకి ఆగస్టు 26న వచ్చింది. రాసినది ఆయనే.

నల్లకుంట_నాని
షింకాయ్ 'టెంకి నో కో' 2019 అక్టోబర్‌లో మన దేశంలో థియేటర్లకి వచ్చిందంటే అభిమానులు సంతకాల పిటిషన్ పెట్టడం వల్లే. 50 వేలకి పైగా. 'సుజుమె' 2023 ఏప్రిల్‌కి ఆ అవస్థ లేకుండా వచ్చింది.

కాకినాడ_కాజా
నాని రెండో నిజం. స్క్రీన్‌షాట్ తీసిపెట్టండి.

చెరువుగట్టు
సాఫ్ట్‌వేర్ కొనలేనివాళ్లకి?

రాత్రి_రెండర్
గీతకి ఓపెన్‌టూన్జ్, ఇది జిబ్లీ వాడిన టూన్జ్‌కి ఉచిత రూపం, 2016లో బయటికి వదిలారు. బ్యాక్‌గ్రౌండుకి క్రిత. త్రీడీకీ కాంపోజిటింగుకీ బ్లెండర్. ఓపెన్‌టూన్జ్ మొదట్లో సతాయిస్తుంది, ఫైలు పేర్లలో తెలుగు అక్షరాలు, ఖాళీలు పెట్టకండి. షాటు నంబరు మూడంకెల్లో రాయండి, 007 అని. లేకపోతే 10వ షాటు 2కి ముందొచ్చి కూర్చుంటుంది.

ఫ్రేము_లెక్క
చివరి సందేహం. ఆ కరెంటు తీగలు చేత్తో గీయాలా, త్రీడీనా? జరిపితే మిణుకుమిణుకుమంటున్నాయి.

కాంపోజిటింగ్_కమల
కెమెరా పక్కకి జరిగే షాటైతే చేత్తోనే, వెక్టర్ గీతగా. మిణుకు దేనికంటే, గీత ఒక్క పిక్సెల్ మందం ఉంటే జరిగినప్పుడల్లా రెండు పిక్సెళ్ల మధ్య ఇరుక్కుని ఒకసారి నల్లగా, ఒకసారి బూడిదగా పడుతుంది. ఫుల్ హెచ్‌డీలో మూడు పిక్సెళ్లకి పెంచి, అర పిక్సెల్ బ్లర్ ఇవ్వండి. తీగ నిటారుగా లాగొద్దు, స్తంభానికీ స్తంభానికీ మధ్య కాస్త వేలాడనివ్వండి. నాలుగు తీగలుంటే నాలుగూ ఒకే వంపులో వద్దు.

కోతిబొమ్మ
టాలెంట్ ఉంటే తీగలు వాటంతటవే వేలాడతాయి బ్రో